కంచరపాలెంలో సలీమా ఎవరు?

వెంకటేష్ మహా తీసిన ‘కేరాఫ్ కంచరపాలెం’ 2018 సెప్టెంబరు 7న విడుదలైంది. అప్పటినుంచీ దాన్ని గురించి మనం చెప్పుకుంటున్న మాట ఒక్కటే, ఎంత సహజంగా ఉందో అని. నిజమే. విశాఖపట్నంలోని ఆ పేటలోనే తీశారు. నటించినవాళ్లలో ఎక్కువమంది ఆ పేట మనుషులే. రంగు పూయని ముఖాలు, ఉత్తరాంధ్ర యాస, పొద్దుపోని కబుర్లు. నలభై తొమ్మిదేళ్లొచ్చినా పెళ్లి చేసుకోని అటెండరు రాజు గురించి చుట్టుపక్కలవాళ్లంతా బెంగపడి పంచాయితీ పెడితే నేనూ పగలబడి నవ్వాను.

అయితే ఆ ప్రశ్న ఆడమనిషికి వేస్తే? మా కొండాపురంలో ముప్పై దాటి, డాక్టరేటు చేసి, పెళ్లి లేకుండా ఉన్నదాన్ని ఎవరూ పంచాయితీకి పిలవరు. కొళాయి దగ్గర వాళ్లమ్మనడుగుతారు. ‘ఏం వదినా, పాపకు ఇంగా యాడా కుదర్లేదా?’ అమ్మ ఇంటికొచ్చి రెండు రోజులు ముభావంగా ఉంటుంది. చిన్న ఊళ్ల చోద్యాలు తెరమీద ముచ్చటగా కనిపించాలంటే వాటి మధ్యలో ఉన్నది మగవాడై ఉండాలేమో.

సినిమాలో నాలుగు ప్రేమ కథలున్నాయి. బడిపిల్లలు సుందరం, సునీత. జోసెఫ్, భార్గవి. సారా కొట్టులో పనిచేసే గడ్డం, రోజూ ముసుగు వేసుకుని మందు కొనడానికొచ్చే సలీమా. రాజు, రాధ. చివర్లో తెలిసేదేమిటంటే (చూడనివాళ్లు మన్నించాలి) ఆ మగవాళ్లు నలుగురూ ఒక్కడే, రాజే. హాల్లో అందరూ చప్పట్లు కొట్టే చోటు అది. నాకు మాత్రం అక్కడే చివుక్కుమంది. అంతదాకా నలుగురు ఆడవాళ్ల జీవితాలు చూస్తున్నామనుకున్నాం. ఒక్క క్షణంలో ముగ్గురు రాజు గతంలోకి వెళ్లిపోయారు. సునీతను తండ్రి దూరంగా పంపించేశాడు. ఏమైంది? భార్గవి తండ్రి బెదిరింపుకు లొంగి వేరే పెళ్లి చేసుకుంది. ఎలా ఉంది? ఒళ్లమ్ముకుని బతికే సలీమా, పెళ్లి దగ్గరపడ్డాక చనిపోయింది. కులం, మతం, పరువు దెబ్బతీసింది వీళ్లను. ఆ దెబ్బలతో పండింది మాత్రం రాజు మనసు.

దీన్ని దర్శకుడి దురుద్దేశం అనను. రాధను చూడండి. ఆఫీసరు, ఎదిగిన కూతురున్న వితంతువు, ఒడిశా మనిషి. తన కింద పనిచేసే అటెండరును పెళ్లి చేసుకుందామని తనే అడుగుతుంది. అన్న మండిపడతాడు. ఈ వయసు ఆడదాని కోరికను వెక్కిరించకుండా, త్యాగంలో ముంచకుండా చూపిన తెలుగు సినిమాలు వేళ్లమీద లెక్కపెట్టొచ్చు. రాధా బెస్సీ నడకలోని ఆ తొట్రుపాటు, ఆ పట్టుదల నాకింకా కళ్లముందున్నాయి.

మా సీమకు ఆ మాత్రం కూడా దక్కలేదు. కంచరపాలెం వచ్చిన నెలకే, అక్టోబరు 11న, ‘అరవింద సమేత’ వచ్చింది. ఆడవాళ్ల ఏడుపు వినిపించాలని ప్రయత్నించింది గానీ దానికీ ముందు కత్తి కావలసివచ్చింది. ప్రొద్దుటూరు బంగారం కొట్లలో చీటీ డబ్బులు లెక్కపెట్టుకునే ఆడవాళ్లను, గండికోట జలాశయం ముంపులో ఊరొదిలిన ఇళ్లలో పరిహారం ఎవరి చేతిలో పడిందన్న తగవులను ఎవరు తీస్తారు? 2021లో ప్రవీణ్ కండ్రేగుల ‘సినిమా బండి’ సరిహద్దు పల్లె యాసను తెచ్చింది. అందులో కూరగాయలమ్మే మంగ నోటిధాటికి నేను మురిసిపోయాను. అయినా కెమెరా దొరికింది ఆటో నడిపే వీరబాబుకే.

కంచరపాలెంకు డబ్బు పెట్టింది ఒక స్త్రీ, అమెరికాలో వైద్యురాలు పరుచూరి ప్రవీణ. సలీమాగా నటించిందీ ఆమే. 2025 జూలైలో ‘కొత్తపల్లిలో ఒకప్పుడు’తో తనే దర్శకురాలైంది. పల్లెటూరి కథే. దాన్ని మోసేది మళ్లీ ఒక కుర్రవాడు. సలీమా ముసుగు వెనకనుంచి ఆ సారా కొట్టు ఎలా కనిపించేదో, అక్కడికి వచ్చేముందు ఆమె పగలెలా గడిచేదో చెప్పగలిగిన మనిషి ఆమే కదా అని నాకు అనిపిస్తూనే ఉంది.