గొలుసు పట్టినోళ్ళ పేర్లేవి?

భూమి కొలత కథ చెప్పే జాన్ కే పుస్తకం ‘ది గ్రేట్ ఆర్క్’ (2000) చదవాల్సిందే. 1802లో మద్రాసు దగ్గర లాంబ్టన్ మొదలెట్టిన సర్వేని, తర్వాత ఎవరెస్ట్ పడ్డ పాట్లని కళ్ళకు కడతాడు. మరి అర టన్ను థియోడలైట్ గుట్టలెక్కిందెట్లా? కూలీల భుజాల మీద. పుస్తకంలో వాళ్ళు గుంపుగానే కనబడతారు.

1819లో కృష్ణా గోదావరుల నడుమ అడవిలో అందర్నీ జ్వరాలు పడగొట్టాయి. ఎవరెస్ట్ కోలుకోవడానికి ఆఫ్రికా కేప్‌కి పోయాడు. తర్వాత శిఖరానికి ఆయన పేరే పెట్టారు. దారిలో చచ్చిపోయినోళ్ళు అనామకులు.

తెల్లోళ్ళనే అని లాభంలేదు. మెకంజీ సర్వేలో మనవాళ్ళు తలుచుకునేది నియోగులైన కావలి సోదరుల్నే. రాత వాళ్ళ చేతిలో ఉంది, పేర్లు మిగిలాయి. అట్లని మోసినోళ్ళంతా దళితులేనని ఊహించి రాయడమూ సరికాదు. కూలి పద్దులు తిరగెయ్యాలి.