రేవులో నిలిచిన గొంతు

సెజారియా ఎవోరా! ముందు నీ ఊరికి దండం పెట్టి, ఆ తర్వాత నీ దగ్గరికి వస్తాను.

ఆఫ్రికా పడమటి తీరానికి 500 కిలోమీటర్లకు పైగా దూరంలో, అట్లాంటిక్ నడుమ పది దీవులు. పేరు కేప్ వెర్డే. నల్లరాతి నేల, ఎర్రటి దుమ్ము. వాన వస్తే పండగ, రాకపోతే మామూలు. ఆ పదింటిలో ఒకటి సావో విసెంటె. అక్కడ ఏరు లేదు, చెప్పుకోదగ్గ పంట లేదు. ఉన్నదల్లా లోతైన రేవు. ఐరోపా నుంచి దక్షిణ అమెరికాకు పోయే ఆవిరి ఓడలు బొగ్గు కోసం అక్కడ ఆగేవి. ఆంగ్లేయుల కంపెనీలు గుట్టలుగా బొగ్గు పోశాయి. మోసే కూలీలు చుట్టుపక్కల దీవుల నుంచి వచ్చారు. నావికుల కోసం సారాకొట్లు లేచాయి. అలా మిండేలో ఊరైంది. తర్వాత ఓడలు చమురుకు మారాయి, బొగ్గు పని పోయింది. రేవు మాత్రం మిగిలింది. వెళ్లే ఓడను చూస్తూ నిలబడే అలవాటూ మిగిలింది.

ఆ ఊళ్లో, 1941 ఆగస్టు 27న నువ్వు పుట్టావు. కరువు కోరలు చాచిన ఏడాది అది. వాన లేక, గింజ లేక, ఆదుకోవలసిన పోర్చుగీసు ప్రభుత్వం ఆదుకోక, ఆ దశాబ్దంలో దీవుల మీద వేలాది మంది ఆకలితో పోయారు. మీ నాన్న తీగవాద్యాలు వాయించేవాడు. నీకు ఏడేళ్లప్పుడు కన్నుమూశాడు. వంటపని చేసి బతికే మీ అమ్మకు పిల్లల్ని సాకడం తలకు మించిన భారమైంది. పదేళ్ల వయసులో నిన్ను అనాథాశ్రమంలో చేర్చింది. అన్నం పెట్టలేని తల్లి, అన్నం దొరికే చోట బిడ్డను వదిలి వెనక్కి నడిచింది. వీడ్కోలు అంటే ఏమిటో నువ్వు పాటల్లో నేర్చుకోలేదు తల్లీ, ఆ గుమ్మం దగ్గర నేర్చుకున్నావు.

నీకంటే ముందే అక్కడ పాట ఉంది. మోర్నా దాని పేరు. బోవా విస్టా దీవిలో పుట్టిందంటారు. బ్రావా దీవి కవి యూజీనియో తవారెస్ దానికి ప్రేమనూ ఎడబాటునూ అప్పగించాడు. మిండేలో వాడైన బి. లెజా గిటారు వాయింపులో అరస్వరాలు చేర్చి, ఆ పాటకు కొత్త వంపులు తెచ్చాడు. నాలుగు దెబ్బల నెమ్మది నడక. కింద గిటారు, పైన సన్నగా మోగే కవకీన్యో, పక్కన వయొలిన్. మాట క్రియోల్. బడిలోనూ సర్కారు కచేరీలోనూ పోర్చుగీసు ఏలుతుంటే, పొయ్యి దగ్గరా రేవు దగ్గరా బతికిన భాష అది.

ఆ పాట నిండా ప్రయాణమే. ఎందుకంటే ఆ దీవుల చరిత్ర నిండా ప్రయాణమే. తిమింగలాల వేట ఓడలెక్కి అమెరికా పోయారు. పని వెతుక్కుంటూ డాకర్, లిస్బన్, రోటర్‌డామ్ పోయారు. కోకో తోటల్లో చాకిరీకి సావో తోమే పోయారు. ఇవాళ దీవుల్లో ఉన్నవాళ్ల కంటే దీవుల మూలాలుండి బయట బతుకుతున్నవాళ్లే ఎక్కువ. మోర్నా కట్టినవాళ్లలో ఎందరో వెళ్లేవాడి గుండెతో కట్టారు. నువ్వు ఆ పాటనే వెళ్లలేనిదాని గొంతుతో పాడావు. నీ గొప్పతనమంతా అక్కడే ఉందని నా నమ్మకం.

పదహారేళ్ల వయసులో మిండేలో సారాకొట్లలో పాట మొదలెట్టావు. రేవులో ఆగిన ఓడల మీద పాడావు. దొరల విందుల్లో పాడావు. ఇచ్చింది చిల్లర, పోసింది మందు. స్థానిక రేడియో నీ గొంతును గాలిలోకి పంపింది. ఊరంతా నిన్ను సీజే అని ముద్దుగా పిలిచింది. అయినా ఆ పిలుపుతో ఇల్లు గడవలేదు. ప్రేమించిన మగవాళ్లు వెళ్లిపోయారు. పిల్లలు నీ దగ్గరే ఉన్నారు. నువ్వు మీ అమ్మ ఇంట్లోనే ఉండిపోయావు.

1975 జులై 5న దీవులకు స్వాతంత్ర్యం వచ్చింది. జెండా మారింది. ఓడలు తగ్గాయి, పాడించుకునేవాళ్లు తగ్గారు. నీ గొంతు మూగబోయింది. దాదాపు పదేళ్లు నువ్వు పాడలేదు. మందు ఉంది, దిగులు ఉంది, నాలుగు గోడలు ఉన్నాయి. లోకానికి అంత గొప్ప గొంతు ఒకటుందని తెలియని ఏళ్లవి. లోకం పోగొట్టుకున్న ఏళ్లవి.

1985లో లిస్బన్ పిలిచింది, వెళ్లి పాడావు. 1987లో మళ్లీ వెళ్లినప్పుడు, గాయకుడు బానా నడిపే హోటల్లో నీ పాట విన్నాడు జోసె ద సిల్వా. ఫ్రాన్స్ రైల్వేలో పనిచేసే కేప్ వెర్డే బిడ్డ. నిన్ను పారిస్ తీసుకెళ్లాడు. 1988లో తొలి ఆల్బమ్ వచ్చినప్పుడు నీకు 47 ఏళ్లు. కొత్తవాళ్ల కోసం సంగీత వ్యాపారం ఇరవై ఏళ్ల ముఖాలను వెతుకుతుంది. నువ్వు మెల్లకన్నుతో, భారీ దేహంతో, ఉత్త కాళ్లతో, ఉన్నదున్నట్టుగా వెళ్లి నిలబడ్డావు. ఆ ఆల్బమ్‌కే ‘చెప్పుల్లేని దేవకన్య’ అన్న అర్థం వచ్చే పేరు పెట్టారు.

1991లో మార్ అజుల్. 1992లో మిస్ పెర్ఫుమాడో. ఆ ఒక్క ఆల్బమ్ లక్షల్లో అమ్ముడైంది. మరుసటి ఏడు పారిస్‌లోని ఒలింపియా నిండిపోయింది. ఏ లిస్బన్ దొరల భాష కింద నీ క్రియోల్ నలిగిందో ఆ లిస్బన్ లేచి నిలబడి చప్పట్లు కొట్టింది. న్యూయార్క్ విన్నది, హవానా విన్నది. 2004లో వోజ్ ద అమోర్ ఆల్బమ్‌కు గ్రామీ వచ్చింది. ఏ ఊరికి పోయినా నీ పాట నడక పెరగలేదు, నీ భాష మారలేదు, నీ పాదాలకు చెప్పులు రాలేదు. కచేరీ సగంలో వేదిక మీదే చిన్న బల్ల దగ్గర కూర్చుని సిగరెట్టు వెలిగించేదానివి. వెనక వాద్యాలు మోగుతుంటే, వేలమంది నువ్వు లేచేదాకా కదలకుండా చూసేవాళ్లు. మిండేలో కొట్టులో ఎలా కూర్చున్నావో పారిస్‌లోనూ అలాగే కూర్చున్నావు.

నీ గొంతు గురించి ఏం చెప్పను? పై స్థాయికి ఎగబాకి మెప్పు అడగదు. గమకాలతో అబ్బురపరచదు. కిందనే, ఛాతీ లోతులో, తీరిగ్గా నడుస్తుంది. చావింట్లో అందరూ గుండెలు బాదుకుంటుంటే, ఒక మూల కూర్చుని పోయినవాడి గురించి నెమ్మదిగా చెప్పే ముసలమ్మ మాటలా ఉంటుంది. ఆమె ఏడవదు. విన్నవాళ్లకు కన్నీళ్లు ఆగవు.

సోదాద్ పాటే చూడు. సావో నికొలావ్ దీవికి చెందిన అర్మాండో జెఫెరినో సోరెస్ దాన్ని కట్టాడు, సావో తోమే తోటలకు కూలీలుగా తరలిపోతున్న తన ఊరివాళ్లను సాగనంపుతూ. ఆ కాలపు కూలి ఒప్పందాలు కాగితం మీద ఒప్పందాలు, తోటలో బానిసత్వం. పోయినవాళ్లలో ఎందరో తిరిగి రాలేదు. ఆ పాటలో నువ్వు ఎవరినీ నిందించవు. అడుగుతావంతే. ఆ అడగడంలోనే ఒక సామ్రాజ్యం దోషిగా నిలబడుతుంది.

డబ్బు వచ్చాక నువ్వేం చేశావు? మిండేలో తిరిగి వచ్చావు. అక్కడే ఇల్లు కట్టావు. దాని తలుపు తెరిచే ఉంచావు. మొక్కజొన్న గింజలూ బీన్సూ కలిపి ఉడికించే కషూపా మీ దీవుల అన్నం. ఆ ఇంట్లో వచ్చినవాళ్లకల్లా అది దొరికేది. కరువేడు పుట్టిన పిల్ల పెద్దదై ఊరికి అన్నం పెట్టింది. నీకు వచ్చిన బిరుదులన్నిటికంటే ఇది పెద్దదని అంటాను.

2008లో ఆస్ట్రేలియా పర్యటనలో పక్షవాతం తాకింది. కోలుకుని మళ్లీ పాడావు. 2010లో గుండెకు శస్త్రచికిత్స జరిగింది. 2011 సెప్టెంబరులో ఇక పాడలేనని చెప్పావు. ఆ డిసెంబరు 17న, 70 ఏళ్ల వయసులో, పుట్టిన దీవిలోనే కన్నుమూశావు. దేశమంతా సంతాపం పాటించింది. మరుసటి ఏడు సావో విసెంటె విమానాశ్రయానికి నీ పేరు పెట్టారు, దాని ముందు నీ విగ్రహం నిలిపారు. రెండు వేల ఎస్కుడోల నోటు మీద నీ ముఖం అచ్చువేశారు. ఒకప్పుడు చిల్లర కోసం పాడినదానికి దేశం తన నోటునే ఇచ్చింది. 2019లో యునెస్కో మోర్నాను మానవాళి సాంస్కృతిక వారసత్వంగా గుర్తించింది. ఆ గుర్తింపు కవులది, గిటారు పట్టినవాళ్లది, పేరు తెలియని ఎందరిదో. ఆ పాట లోకం చెవిన పడింది మాత్రం నీ వల్ల.

చదివేవాళ్లారా, ఈ రాత్రి సెజారియా పాట ఒక్కటి వినండి. క్రియోల్ రాదని వెనకాడకండి, పారిస్‌కూ రాదు. మీ ఇంట్లోంచి దూరదేశం పోయినవాళ్లు ఎవరైనా ఉంటే, పాట అయ్యాక వాళ్లకు ఫోన్ చేయండి.