‘వన్ మోర్’ అనరాని విద్య

ఫిల్మ్ నగర్ వీథులలో కెమెరా భుజమున వేసికొని జీవనము సాగించువానికి తప్పక ఎదురగు ప్రశ్న యొకటి కలదు: “ఇంకా డాక్యుమెంటరీలేనా? సినిమా ఎప్పుడండీ?” అడుగువారి ఆప్యాయతను శంకింపను గాని, డాక్యుమెంటరీ యనునది సినిమా మేడకు మెట్టు మాత్రమేయని జూబిలీహిల్స్ పెంచుకొన్న నమ్మకము నాకెన్నఁడును మింగుడుపడలేదు.

స్టూడియో ఫ్లోరులో వెలుతురు మన యాజ్ఞకు లోఁబడి యుండును. నటుఁడు తడఁబడినచో ‘వన్ మోర్’ అని కేక వేసిన చాలును. కాని సారె ముందు కూర్చున్న కుమ్మరి, తిరుగుచున్న మట్టిముద్దనుండి కుండను దారముతో కోసి, రెండరచేతుల నడుమ ఎత్తి ప్రక్కన పెట్టు ఆ రెప్పపాటులో ఫోకస్ తప్పెనా, మరల చేయుమని కోరరాదు. కోరినచో అతఁడు కాదనఁడు, చేయును, కాని రెండవమాఱు ఆ చేతులు కుండను మఱచి కెమెరాను తలఁచుచుండును. కుండ లేచుటకు ముందు భుజమొకింత వంగును. దానిని కనిపెట్టి సిద్ధముగా నుండుటయే మా పని. నాలుగువందల అడుగుల 16 ఎం.ఎం. రోలు పదునొకండు నిమిషములకే ముగియు దినములలో ఆ కనిపెట్టుట మఱింత అవసరమయ్యెను.

ఈ విద్య సినిమాకును అక్కరకు వచ్చినదే. తెలంగాణ సాయుధ పోరాటము కథావస్తువుగా ‘మా భూమి’ని తలపెట్టిన నిర్మాతలు బి. నర్సింగరావు, జి. రవీంద్రనాథ్‌లు దానిని అప్పగించినది, బెంగాలు కఱవుపై ‘హంగ్రీ ఆటమ్’ డాక్యుమెంటరీ తీసిన గౌతమ్ ఘోష్‌కు. ‘మా భూమి’యే ఆయన తొలి కథాచిత్రము. నర్సింగరావుగారి నడక మఱియు వింత. 1983లో ‘రంగుల కల’తో దర్శకుఁడై, మన లెక్కలో మేడయెక్కిన పిదప, ఆయన తెలంగాణ పల్లె బ్రదుకుపై ‘మా ఊరు’ డాక్యుమెంటరీ తీసెను. 1988 నాఁటి ‘దాసి’ ఆ తరువాతిది. చిత్రకారుఁడు వైకుంఠం కళాదర్శకత్వమున రూపొందిన ఆ చిత్రములోని దొర గడీలో, అర్చన ధరించిన దాసి కమలాక్షి మాట తక్కువయై పనివెంట పని చేయుచుండఁగా కెమెరా తొందరపడదు. ఆ ఓర్పు ‘మా ఊరు’ తీయుచుండఁగా అలవడినదని నా యభిప్రాయము. ‘దాసి’ ఛాయాగ్రాహకుఁడు ఎ.కె. బీర్ సైతము, ‘27 డౌన్’ చిత్రమునకై కెమెరాను చేతఁబట్టి రైల్వే జనసమ్మర్దములో తిరిగినవాఁడే. రెండింటికిని ఆయన జాతీయ పురస్కారము నందెను.

నాయొద్ద అసిస్టెంటుగా చేరవచ్చు కుఱ్ఱవారికి అందుచేతనే ‘దాసి’ని శబ్దము తీసివేసి చూడుమని మొదటి పని చెప్పుదును. ఒకఁడు చూచివచ్చి, “షాట్లు ఇంత లెంగ్తీగా ఎందుకు సార్, కట్ చేయొచ్చుగా” అనెను. వాఁడిప్పుడు ట్రైలర్లు కత్తిరించుచు నాకంటె బాగుగనే సంపాదించుచున్నాఁడు.