నిర్బంధం ఎవరి మీద? - ‘మా నాయన బాలయ్య’పై ఒక పరిశీలన

రాజ్యాంగాన్ని తెలుగులో చదివేవారికి ఒకచోట ఒక మాట కాలికి తగులుతుంది: ‘ఉచిత నిర్బంధ విద్య’. ఉచితమంటే సంస్కృతంలో తగినది. తెలుగువాడికి డబ్బు పుచ్చుకోకుండా ఇచ్చేది. ఆ మార్పు ముచ్చటైనదే. ‘నిర్బంధం’ మాత్రం మారలేదు. వినగానే రెక్కపట్టి బడికి ఈడ్చుకుపోతున్న పిల్లవాడు కళ్ళముందు కదులుతాడు. 2009 నాటి విద్యాహక్కు చట్టం ఇచ్చిన అర్థం వేరు. నిర్బంధం ప్రభుత్వానిది. పిల్లవాణ్ణి చేర్చుకోవడం, బడికి వస్తున్నాడో లేదో చూడడం, ప్రాథమిక విద్య పూర్తి చేయించడం దాని పూచీ. చట్టం ఇంత స్పష్టంగా చెప్పినా, మన వాడుకలో ఆ మాట ఇంకా పేదవాడి వైపే వేలు చూపిస్తోంది.

వై.బి. సత్యనారాయణ ఇంగ్లీషులో రాసి 2011లో ప్రచురించిన తన తండ్రి జీవితకథ ఈ చిక్కు విప్పడానికి ఉపకరిస్తుంది. పి. సత్యవతి అనువాదంలో అది ‘మా నాయన బాలయ్య’గా మనకు అందింది. రచయిత రసాయనశాస్త్ర అధ్యాపకుడు, కళాశాల ప్రిన్సిపాల్‌గా పనిచేసినవాడు. కరీంనగర్ జిల్లా వంగపల్లికి చెందిన మాదిగ కుటుంబం వారిది. నిజాం బహూకరించిన భూమి దొర పాలైతే, బాలయ్య తండ్రి నర్సయ్య ఊరు విడిచాడు. రైలు ఆ కుటుంబానికి దారి చూపింది.

ఈ పుస్తకంలో చదువు బడి గంటతో మొదలుకాదు. ఊరు విడవడంతో మొదలవుతుంది. రైల్వే క్వార్టరులో దొర లేడు, వెట్టి లేదు, నెలకింతని జీతం ఉంది. అంటరానితనం అక్కడికీ వెంట వచ్చింది గాని, పిల్లవాణ్ణి పొలానికో గడీకో పంపమని అడిగే హక్కు ఎవరికీ లేకపోయింది. ఆ ఖాళీలో చదువు మొలిచింది. బాలయ్యకు అక్షరాలు నేర్పింది ఒక ముస్లిం పెద్దమనిషి. నేర్పింది ఉర్దూ. మాతృభాషలో విద్య గురించి ఎక్కువగా మాట్లాడే మన శాఖల్లోనివాళ్ళం ఈ ఘట్టం దగ్గర కాసేపు ఆగాలి. తెలుగు నేర్పగలిగిన పంతులు అరుగు ఎక్కనివ్వని రోజుల్లో, చదువు వేరే భాష వాకిట్లోంచి ఇంట్లోకి వచ్చింది.

ఇప్పుడు రాజ్యాంగం వైపు చూద్దాం. పద్నాలుగేళ్ళలోపు పిల్లలందరికీ పదేళ్ళలో చదువు అందించడానికి ప్రయత్నించాలని 45వ అధికరణం 1950లో రాజ్యానికి చెప్పింది. గడువు 1960తో తీరింది. అది ఆదేశిక సూత్రం కనుక కోర్టుకు వెళ్ళి అడిగే వీలు లేదు. చదువు హక్కు అన్న మాట సుప్రీంకోర్టు నోట 1992లో వచ్చింది. ఆ వ్యాజ్యం మన పక్కనున్న తుమకూరుది. ఒక ప్రైవేటు వైద్య కళాశాలలో ప్రభుత్వ సీటుకు ఏడాదికి 2,000 రూపాయలైతే, కర్ణాటక బయటివారికి 60,000. మోహినీ జైన్ దాన్ని ప్రశ్నించింది. మరుసటి ఏడాది ఉన్నికృష్ణన్, ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వాల మధ్య కేసులో అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం ఆ హక్కును పద్నాలుగేళ్ళ వయసువరకే సంపూర్ణమని కుదించింది. ఆపైన రాజ్యం ఆర్థికశక్తిని బట్టి. 2002లో 86వ సవరణ 21ఏ అధికరణాన్ని చేర్చింది. చట్టం 2010 ఏప్రిల్ 1న అమలుకు వచ్చింది.

వాడల్లోని పిల్లవాడి హక్కు డాక్టరు సీటు ఫీజు తగాదాలో పుట్టడం చిత్రమే. ఆ రెండు వ్యాజ్యాల్లోనూ బాలయ్యవంటివాడు కక్షిదారు కాడు. అతనికి హక్కు చేతికి రాకముందే అతను దాన్ని వాడుకున్నాడు. ప్రభుత్వం మోయవలసిన నిర్బంధాన్ని తన మీద వేసుకున్నాడు. నా పిల్లలు నాలా బతకకూడదన్న పట్టుదల తప్ప అతని చేతిలో ఏ అధికరణమూ లేదు.

ఇక్కడే పుస్తకంతో నాకు పేచీ. ఆ పట్టుదల ఎంత గొప్పగా చిత్రితమైందో, పాఠకుడు అంత తేలికగా తప్పుదారి పట్టే అవకాశం ఉంది: తండ్రి గట్టివాడైతే చాలు గదా, చదవనివారిది వారి తప్పే గదా అని. నెల జీతం, క్వార్టరు లేని అంతే గట్టి తండ్రుల సంగతేమిటి? వంగపల్లిలో మిగిలినవారి పిల్లలేమయ్యారు? ఆ ప్రశ్న కథ అంచున నిలబడి ఉంటుంది, లోపలికి రాదు. చదువు కథ తండ్రీ కొడుకుల మధ్యే ఎక్కువగా నడవడం మరొక లోపం. అయినా అలంకారాలు లేని ఆ కథనంలో కోపం కంటే వివరం ముందుంటుంది. అందుకే నమ్మబుద్ధి అవుతుంది.

బెంగళూరులో ఈ పుస్తకం చదివేవారికి మరో దృశ్యం తోడవుతుంది. తెల్లవారుజామున ఈ నగరం వీధులు ఊడ్చే పౌరకార్మికుల్లో దళిత స్త్రీలే ఎక్కువ. ఇంట్లో తెలుగు మాట్లాడేవారు వారిలో చాలామంది. వారి బిడ్డల విషయంలో రాజ్యాంగం రెండు మాటలు చెప్పింది. అల్పసంఖ్యాక భాషల పిల్లలకు మాతృభాషలో ప్రాథమిక విద్యకు ఏర్పాట్లు చేయాలని 1956లో చేర్చిన 350ఏ. చదువు హక్కు అనే 21ఏ. వీలైనంతవరకు మాతృభాషలో అని 2009 చట్టమూ అంది. ‘వీలైనంతవరకు’ అన్నచోట ఎంత వీలుంటుందో మనకు తెలుసు. ప్రైవేటు బడుల్లో నాలుగో వంతు సీట్లు బలహీన వర్గాల పిల్లలకివ్వాలన్న నియమం ఇక్కడ కొన్నేళ్ళు తలుపు తెరిచింది. దగ్గరలో ప్రభుత్వ, ఎయిడెడ్ బడి ఉంటే ఆ సీటు వర్తించదని కర్ణాటక నిబంధనలు మార్చింది. 2019-20 నుంచి అమలైంది. సందు సందుకూ ఏదో ఒక బడి ఉండే నగరంలో ఆ తలుపు ఎంతవరకు మూసుకుంటుందో ఊహించుకోవచ్చు. దగ్గరున్న బడిలోకే పొమ్మన్నప్పుడు, ఆ బడిలో పంతులు ఉన్నాడా అని అడిగే బాధ్యత కూడా వెంట రావాలి.

ఆ తల్లులు కోరేది తెలుగు బడి అని మనం ముందే తీర్మానించుకోకూడదు. ఇంగ్లీషు కావాలన్నా, కన్నడం కావాలన్నా వారి లెక్క వారిది. బాలయ్య ఉర్దూ నేర్చినప్పుడు భాషాద్రోహం చేయలేదు. అయితే ఇంట్లో మాటకు బడిలో చోటు లేక, బడి మాట ఇంట్లో అర్థంకాక, నాలుగో తరగతికే చదువు మానే బిడ్డను చూసి తల్లిదండ్రుల్ని తప్పుపట్టడం నిర్బంధాన్ని మళ్ళీ తప్పు భుజం మీద పెట్టడమే.

సత్యనారాయణ తన తండ్రి కథను ఇంగ్లీషులో రాస్తే, తెలుగుకు అనువాదంగా చేరింది. చీపురు పట్టిన ఆ తల్లుల కథ వారి బిడ్డల్లో ఎవరో రాస్తే అది కన్నడంలో రావచ్చు. దాన్ని తెలుగు చేసే పని ఇక్కడ చదువుకుంటున్న మీలో ఒకరికి ఉంటుంది.