కొనుక్కున్న కొడుకు

మగపిల్లవాడికి అరుదైన పేరు చెప్పమని అడిగేవాళ్లు సికింద్రాబాద్ పక్కనున్న మా మచ్చ బొల్లారంలో ఇప్పుడు వీధికొకరున్నారు. పంచాంగంలో నక్షత్రపాదానికి వచ్చిన అక్షరంతో మొదలు కావాలి, రెండు మూడక్షరాలకు మించకూడదు, బడిలో ఇంకెవరికీ ఉండకూడదు. ఆరుద్ర మూడో పాదంలో పుట్టినవాడికి ‘ఙ’ వస్తుంది. ఆ అక్షరంతో తెలుగులో మాటే మొదలు కాదు, పాపం ఆ తల్లిదండ్రుల తిప్పలు చెప్పనలవి కాదు. అయితే ఈ ఊళ్లో నిజంగా అరుదైపోయిన పేరు వేరే ఉంది. ఓటర్ల జాబితాలో తండ్రి పేరు దగ్గర అది కనిపిస్తుంది. పాత పాసుపుస్తకాల్లో కనిపిస్తుంది. దశదినకర్మ ఫ్లెక్సీల మీద కనిపిస్తుంది. అంగన్‌వాడీ రిజిస్టరులో మాత్రం కనిపించదు. పెంటయ్య.

పేరుకు అర్థం అందరికీ తెలుసు, అందుకే ఎవరూ దాని దగ్గర ఆగరు. ఇంటి చెత్త, పశువుల పేడ, పొయ్యిలో బూడిద అన్నీ కలిపి పోసే కుప్ప పెంటకుప్ప. పుట్టిన పిల్లలు పుట్టినట్టే పోతున్న ఇంట్లో, ఆ తర్వాత పుట్టినవాణ్ణి ఆ కుప్ప మీద పడుకోబెట్టి, మాకొద్దని వదిలేసినట్టు చేసి, మళ్లీ తెచ్చుకుని ఆ పేరు పెట్టేవారు. ఆడపిల్లయితే పెంటమ్మ. ఎవరికీ అక్కరలేని బిడ్డ మీద మృత్యువు కన్ను పడదని నమ్మకం.

మా వీధికి రెండు సందుల అవతల ఒక అవ్వ ఉంటుంది. ఆమె భర్త పేరు పెంటయ్య. ఆయన పోయి చాలా ఏళ్లయింది. ఆ పేరు ఎలా పెట్టారో అత్త నోట విన్నది విన్నట్టు ఆమె నాకు చెప్పింది.

“చాటల పాత గుడ్డ పరిచి, పిలగాన్ని అండ్ల పండవెట్టి, తెల్లారకముందే పెంట మీద వెట్టొచ్చిన్రట బిడ్డా. మా అత్తను ఎనుకకు తిరిగి సూడొద్దన్నరట. మంత్రసాని ఆడ్నే నిలవడి ఉన్నది. ‘నాకు పిలగాడు దొరికిండు, ఎవలన్న కొంటరా’ అనుకుంట ఇంటి ముంగటికి వచ్చింది. మా అత్త సోలెడు నూకలు వోసి కొనుక్కున్నది.”

“నూకలే ఎందుకవ్వా, బియ్యం పోయొచ్చు గదా?” అన్నాను.

“మంచి బియ్యం వోస్తే ఖరీదైన పిలగాడైతడు గద!”

ఆ మాట దగ్గర నేను చాలాసేపు ఉండిపోయాను. కడుపున మోసి కన్న బిడ్డకు తల్లి తానే అతి తక్కువ వెల కట్టాలి. ఆ వెల వాకిట్లో నిలబడి, నలుగురూ వినేలా చెప్పాలి. నూకలు కొలిచి పోస్తున్నప్పుడు చెయ్యి వణికినా మొహంలో తెలియనివ్వకూడదు. ఆ తర్వాత పిల్లవాడి ముక్కుకు రాగితీగ కుట్టారట. నాలుగిళ్లు అడిగి తెచ్చిన పాతబట్టలతో బొంత కుట్టి, అందులోనే పెంచారట. పెద్దవాడయ్యాక పెంటయ్య తన పెండ్లిలో ఆ మంత్రసానికి చీర పెట్టాడు. తనను అమ్మిన మనిషి ఆమే, అంతకుముందు కుప్ప మీంచి ఎత్తుకున్న మనిషీ ఆమే.

ఆయనకు ముందు ఎందరు పుట్టారని అడిగాను. ఇద్దరని చెప్పింది. ఒకరు గత్తరలో పోయారు, ఒకరు అమ్మవారు పోసి పోయారు. వాళ్ల పేర్లేమిటంటే, “పేరు వెట్టేదాంక ఉంటే గద” అంది.

ఈ పేరు గురించి నేను చెప్పదలుచుకున్నది ఇదే. ఆ ఇద్దరికీ పుట్టిన కాగితం లేదు, పోయిన కాగితం లేదు. జనన మరణాల నమోదు చట్టం వచ్చింది 1969లో. అంతకుముందు పల్లెల్లో పురిటిలోనే, పాలు తాగే వయసులోనే పోయిన పిల్లల్లో చాలామంది ఏ లెక్కకూ ఎక్కకుండా మట్టిలో కలిశారు. వాళ్లు ఈ లోకానికి వచ్చి వెళ్లారనడానికి మిగిలిన ఆధారం, తర్వాత పుట్టి బతికిన తమ్ముడికి పెట్టిన పేరే. పెంటయ్య అని పిలిచిన ప్రతిసారీ ఆ ఇల్లు, తెలిసో తెలియకో, పేరులేని ఆ పిల్లలను కూడా తలుచుకుంది. అలా చూస్తే ఆ పేరు ఒక్క మనిషిది కాదు, ఒక తల్లి కాన్పులన్నిటిదీ.

పెంట మాటకు ఇంకో వైపు కూడా ఉంది. యూరియా బస్తా రాకముందు రైతు ఇంట్లో పెంటకుప్పే పెద్ద ఆస్తి. ఎండాకాలంలో బండ్లు కట్టి పెంట తోలేవారు. మిరుగు వచ్చేలోపు ఆ కుప్పలు చేనంతా పరుచుకోవాలి. ఎవరింటి ముందు కుప్ప ఎంత పెద్దదో చూసి వాళ్లకెన్ని పశువులున్నాయో, ఈ ఏడు పంట ఎలా ఉంటుందో ఊరు అంచనా వేసేది. బిడ్డను పడుకోబెట్టిన చోటు అది. నల్లమలలో చెంచుల గూడేలను ఇవాళ్టికీ పెంటలనే అంటారు. బస్తీల్లో చెత్త బండి వచ్చి ఎత్తుకుపోయే చెత్తను మనసులో పెట్టుకుని ఈ పేరు వినేవాళ్లకు పాత కుప్ప అందదు.

పెంటయ్యకు అన్నదమ్ములాంటి పేర్లు చాలా ఉన్నాయి. భోంచేసి వదిలిన ఆకు పుల్లాకు. ఆ ఎంగిలి విస్తళ్ల మీద దొర్లించిన పిల్లవాడు పుల్లయ్య. నాలుగిళ్ల బిచ్చంతో పెంచినవాడు బిచ్చయ్య, కాస్త శివుణ్ణి కలిపితే భిక్షపతి. తర్వాత్తర్వాత ఇవి తాత పేరు మనవడికి పెట్టుకునే తీరులో కూడా సాగాయి కాబట్టి, ప్రతి పుల్లయ్య వెనకా ఒక విస్తరాకు ఉండాలని లేదు. తెలుగు సినిమా తొలినాళ్లలో ఇద్దరు పుల్లయ్యలు పెద్ద దర్శకులు. 1934 నాటి ‘లవకుశ’ తీసినది చిత్తజల్లు పుల్లయ్య, 1960లో ‘శ్రీ వెంకటేశ్వర మహాత్మ్యం’ తీసినది పోలుదాసు పుల్లయ్య. తెర మీద ఆ పేరు చూసి మురిసిన జనంలో ఎందరికి దాని పుట్టుక గుర్తొచ్చి ఉంటుంది!

మొక్కు పేర్లు ఇవి కావు, వాటి దారి వేరు. కొమురవెల్లి మల్లన్నకు మొక్కితే కొమురయ్య, ఐనవోలు మల్లన్నకు మొక్కితే ఐలయ్య, గుట్ట నరసింహస్వామికి మొక్కితే యాదగిరి, జాన్‌పహాడ్ దర్గాకు మొక్కితే సైదులు. అక్కడ దేవుడికి చెప్పుకుని, బిడ్డ దక్కినందుకు ఆయన పేరే పెడతారు. పెంటయ్య పేరులో మొక్కు లేదు, దేవుడూ లేడు. తల్లి, మంత్రసాని, వీధిలో నలుగురు మనుషులు కలిసి చావును ఏమార్చడానికి చేసిన పని అది.

ఆ పని మన దగ్గర ఒక్కచోటే జరగలేదు. తమిళులకు కుప్పుసామి ఉన్నాడు, పిచ్చై ఉన్నాడు. ఇవాళ గూగుల్‌ను నడుపుతున్న పిచ్చై సుందరరాజన్ పేరులో ఉన్నది ఆ బిచ్చమే. బెంగాలీలు మూడు గవ్వలకు కొన్నవాణ్ణి తీన్‌కోరి అన్నారు, అయిదు గవ్వలకు కొన్నవాణ్ణి పాంచ్‌కోరి అన్నారు. మరాఠీవాళ్లు రాయి అనే అర్థంలో ధోండో, దగడూ అని పెట్టుకున్నారు. పంజాబులో ఇలాంటి పేర్లను రిచర్డ్ టెంపుల్ అనే బ్రిటిష్ అధికారి 1883లోనే పోగుచేసి పుస్తకంలో రాశాడు. చైనా పల్లెల్లో గౌషెంగ్ అని పిలుస్తారు, కుక్క కూడా తినకుండా వదిలేసినది అని. మన పుల్లయ్యకు అంతకంటే దగ్గరి చుట్టం ఉండడు.

అన్నిటికంటే నన్ను కదిలించింది ఈజిప్టు సంగతి. రోమన్లు ఏలిన కాలంలో అక్కడి గ్రీకు మాటల్లో కోప్రెస్, కోప్రియా అనే పేర్లు పపైరస్ కాగితాల మీద మళ్లీ మళ్లీ కనిపిస్తాయి. గ్రీకులో కోప్రోస్ అంటే పెంట. అంటే వాళ్లు అచ్చంగా పెంటయ్య, పెంటమ్మలే. పన్ను రసీదుల్లో ఉన్నారు, పొలం కౌళ్లలో ఉన్నారు. ఎవరో పారేస్తే కుప్ప మీంచి ఎత్తుకుని పెంచిన పిల్లలు వీళ్లని కొందరు చరిత్రకారులంటారు. కాదు, దిష్టి తగలకుండా కన్నవాళ్లే పెట్టుకున్న పేర్లని ఇంకొందరంటారు. మా అవ్వ చెప్పిన కథ వింటే ఆ రెండు మాటలకూ మధ్య పెద్ద దూరం లేదనిపిస్తుంది. పారెయ్యడం, ఎత్తుకోవడం, పెంచుకోవడం మూడూ ఒక్క తెల్లవారుజామున, ఒక్క వాకిట్లోనే జరిగిపోయాయి.

ఇంత ప్రేమతో పెట్టిన పేరుకు సిగ్గు ఎక్కడ అంటుకుంది? దొరల కాలంలో. పెంటయ్యలో చివరి ‘అయ్య’ తల్లి పెట్టుకున్న గౌరవం. గడీ ముందు ఆ అయ్య ఊడిపోయి పెంటిగాడయ్యేది, ఎల్లయ్య ఎల్లిగాడయ్యేవాడు. వెట్టి పోయినా ఆ పిలుపు చెవుల్లోంచి పోలేదు. తర్వాత బడి వచ్చింది, హాజరు పిలిస్తే వెనక బెంచీలో నవ్వులు వచ్చాయి. పదో తరగతి సర్టిఫికెట్‌కు ముందే పేరు మార్పించినవాళ్లున్నారు, ఉద్యోగం వచ్చాక గెజిట్‌లో వేయించుకుని మార్చుకున్నవాళ్లున్నారు. తండ్రి పేరు చెప్పమంటే మొదటి అక్షరం దగ్గరే ఆగిపోయే కుర్రవాళ్లను నేను చూశాను. వాళ్లను తప్పుపట్టను, ఆ నవ్వులు పడ్డది వాళ్లే. కానీ ఆ పేరులో సిగ్గుపడాల్సింది లేదని, సోలెడు నూకల సంగతి వాళ్లకు ఎవరైనా ముందే చెప్పి ఉంటే బాగుండేది. ఏ ఇంట్లోనైనా ఆ సంగతి ముసలివాళ్ల దగ్గరే ఆగిపోయింది.

అరుదైన పేరు కోసం ఫోనులో జాబితాలు తిరగేసే ఇప్పటి అమ్మానాన్నల మీద నాకు కోపమేమీ లేదు. తమ బిడ్డ పదిమందిలో కనబడాలని వాళ్ల ఆశ. పెంటయ్య తల్లికి కావలసింది దానికి సరిగ్గా తలకిందులు. బిడ్డ ఎవరి కంటా పడకూడదు, పిలిస్తే వినేవాడు తల తిప్పుకుని పోవాలి. బిడ్డ బతుకుతాడన్న ధీమా వచ్చాకే పేరును అలంకారంగా పెట్టుకోగలిగాం.

ఆ ధీమా ఎలా వచ్చిందో చూడడానికి మచ్చ బొల్లారం వాళ్లు దూరం పోనక్కర్లేదు. 1971లో మన దేశంలో పుట్టిన ప్రతి 1000 మంది పిల్లల్లో 129 మంది ఏడాది నిండకుండానే పోయేవారు. 2020 నాటికి అది 28కి దిగింది, తెలంగాణలో 21కి. మశూచి 1975 తర్వాత ఈ దేశంలో మళ్లీ తలెత్తలేదు. ఇక గత్తర, అంటే కలరా. 1813లో సికింద్రాబాద్ లష్కరును ఊడ్చేసి, ఉజ్జయిని మహంకాళి బోనాలకు కారణమైందని చెప్పుకునే ఆ గత్తరకు మన దేశంలో చేసిన నోటి టీకా 2009లో వచ్చింది. దాన్ని తెచ్చిన శాంతా బయోటెక్నిక్స్ వెలిసింది మన మేడ్చల్ దారిలోనే. వరప్రసాద్ రెడ్డి పెట్టిన ఆ సంస్థే 1997లో హెపటైటిస్-బి టీకాను సామాన్యుడికి అందే ధరలో తెచ్చింది. ఇటు రాజీవ్ రహదారి పట్టుకుని శామీర్‌పేట దాటితే జీనోమ్ వ్యాలీ. పసిపిల్లల విరేచనాలకు విరుగుడుగా 2015లో వచ్చిన రోటావాక్‌ను తయారుచేసిన భారత్ బయోటెక్ అక్కడిదే. ఈ చుట్టుపక్కల ఊళ్ల పెంటయ్యల మనవలు, మనవరాళ్లు పొద్దున్నే డబ్బా కట్టుకుని కంపెనీ బస్సెక్కి ఆ టీకాల పనికే పోతున్నారు. మా అవ్వ మనవడు కూడా అక్కడే ప్యాకింగులో ఉన్నాడు. తాత పేరు ఎందుకొచ్చిందో అతనికి మొన్నటిదాకా తెలియదు. నేను అడుగుతుంటే పక్కన కూర్చుని విన్నాడు. “మరి నాకెందుకు చెప్పలే?” అని అవ్వను నిలదీశాడు. “నువ్వడిగితే గద” అంది.

ఈ పేరు మళ్లీ పెట్టుకొమ్మని నేననను. అది పోవడమే మేలు, ఆ పేరు అవసరమైన రోజులు ఎవరికీ వద్దు. కానీ పేరుతో పాటు దాని వెనకున్న పిల్లల లెక్క పోకూడదు. మీ ఇంట్లో, మీ చుట్టాల్లో పెంటయ్య గానీ పుల్లయ్య గానీ బిచ్చయ్య గానీ ఉంటే, ఆయనకు ముందు ఎందరు పుట్టారో, ఏ జబ్బుతో పోయారో, కుప్ప మీంచి ఎత్తుకున్నది ఎవరో, ఎంతకు కొన్నారో, తెలిసిన పెద్దలు ఉండగానే అడిగి రాసిపెట్టండి. ఈ కాలమ్ చిరునామాకు ఒక కార్డు ముక్క పంపినా చాలు, ఊరి పేరు మాత్రం మరవకండి.