మాట లేని గంగ

మహాభారతంలో గంగ శంతనుడికి పెట్టిన షరతు ఒకటే: నేనేం చేసినా ఎందుకని అడగకూడదు. ఏడుగురు బిడ్డల్ని నీటిపాలు చేస్తున్నా ఆ రాజు నోరు మెదపలేదు. ఎనిమిదోసారి అడిగాడు, ఆమె వెళ్లిపోయింది. మూకీ చిత్రానికి ఇంతకంటే తగిన కథ దొరకడం కష్టం. 1921లో మద్రాసులో రఘుపతి ప్రకాష్ 'భీష్మ ప్రతిజ్ఞ' తీసి, తనే భీష్ముడయ్యాడు. గంగ వేషం పెగ్గీ కాస్టెల్లో అనే నర్తకిది.

ఆ రీళ్లు ఇప్పుడు లేవు. ఆ పాత్రకు ఏ విద్య కావలసి వచ్చిందో మాత్రం ఆ నాటి పనిముట్లను బట్టి చెప్పొచ్చు. అప్పటి ఫిల్ము ఎరుపును నలుపుగా, నీలాన్ని తెలుపుగా పట్టేది. పెదాలకు ఎర్రరంగు వేస్తే తెరమీద నల్లబడేవి. నీలికళ్లు వెలిసిపోయి గాజుగోళీల్లా కనిపించేవి కాబట్టి కళ్లచుట్టూ నలుపు దట్టంగా దిద్దాలి. కెమెరాను చేత్తోనే తిప్పేవారు. తీసినదానికంటే వేగంగా ప్రదర్శిస్తే నడక పరుగైపోతుంది. అందుకని చెయ్యెత్తడమైనా, తల తిప్పడమైనా నిదానంగా, పూర్తిగా జరగాలి. దర్శకుడు మాత్రం షాటు నడుస్తుండగానే ఏం చెయ్యాలో గట్టిగా చెప్పొచ్చు, రికార్డయ్యే శబ్దం లేదు కదా! కథ ప్రేక్షకులకు ముందే కంఠతా వచ్చు. ఏం జరిగిందో చెప్పే భారం టైటిల్ కార్డుది, పురాణ పరిచయానిది. నటికి మిగిలేది బిడ్డను వదిలే క్షణంలో ఆ తల్లి మొహం. నా దృష్టిలో అదే అసలు నటన.

మంచి కుటుంబాల స్త్రీలు సినిమాల్లోకి రాకూడదనుకున్న రోజులవి. 1913లో ఫాల్కే 'రాజా హరిశ్చంద్ర'లో తారామతిగా నటించింది సాలుంకే అనే మగవాడు. ఆ ఖాళీలోకి ఆంగ్లో ఇండియన్, యూదు యువతులు ధైర్యంగా వచ్చారు: పేషెన్స్ కూపర్, సీతాదేవిగా పేరుపడ్డ రెనీ స్మిత్, సులోచనగా మారిన రూబీ మయర్స్. పరాయివాళ్లకు మూకీ తెర అడ్డుపడకపోవడం బయటి దేశాల్లోనూ అంతే. ఐర్లండ్‌లోని బెల్‌ఫాస్ట్‌లో పుట్టిన ఐలీన్ పెర్సీ 1917లో అమెరికాలో డగ్లస్ ఫెయిర్‌బాంక్స్ సరసన కథానాయిక. యాస ఎవరికీ వినిపించదు.

మన సికింద్రాబాదుకూ ఈ చరిత్రలో పొరుగు వాటా ఉంది. కంటోన్మెంటు, లాలాగూడ రైల్వే క్వార్టర్లు, అందులో ఆంగ్లో ఇండియన్ కుటుంబాలు ఒకవైపు. మరోవైపు హైదరాబాదులో 1922లో ధీరేన్ గంగూలీ పెట్టిన లోటస్ ఫిల్మ్ కంపెనీ. ఇక్కడే వరసగా మూకీలు తీశాడాయన. 1924లో 'రజియా బేగం' ప్రదర్శించినందుకు నిజాం ఆగ్రహించి వెళ్లిపొమ్మనడంతో ఆ కంపెనీ కథ ముగిసింది. ఆ మూకీల గురించి మన ఊళ్లో ఇంత తక్కువగా మాట్లాడుకోవడం నాకు బాధ కలిగిస్తుంది.

1931లో 'ఆలం ఆరా' మాట్లాడింది. మరుసటి ఏడాది 'భక్త ప్రహ్లాద'తో తెలుగు తెర మీద సురభి కమలాబాయి గొంతు వినిపించింది. పద్యం, పాట, ఉచ్చారణ తెలిసిన రంగస్థల నటులకు తలుపులు తెరుచుకున్నాయి, భాష రానివాళ్లకు మూసుకున్నాయి. సులోచన పట్టుదలగా హిందుస్తానీ నేర్చుకుని తిరిగొచ్చింది. అందరికీ అది సాధ్యపడలేదు.

మాట లేకుండా నటించే ఆ విద్యను కళ్లారా చూడాలనుకునేవారికి సీతాదేవి నటించిన 'ప్రపంచ పాశ్' (1929) ఉంది. దాని ప్రతిని బాగుచేసి, 2006లో నితిన్ సాహ్నీ సంగీతంతో మళ్లీ ప్రదర్శించారు. మన ఫిల్మ్ క్లబ్బులు దాన్ని తెచ్చి ఇక్కడ వెయ్యాలి.