కూబర్ పీడీ గోడలు

దక్షిణ ఆస్ట్రేలియా ఎడారిలోని కూబర్ పీడీ పట్టణవాసులను, బొరియలలో తలదాచుకొను అభాగ్యులుగా వర్ణించిన వ్యాసమొకటి ఈ వారము కంటబడి నాకు మిక్కిలి ఖేదము కలిగినది. ఇంటిగోడ మందముగా నుండవలెనని, ఇల్లు తానున్న నేలనుండియే పుట్టవలెనని నేను చేయుచున్న వాదము ఈ శీర్షిక చదువువారికి విదితమే. అట్టి నాకు ఆ పట్టణమును మించిన సాక్ష్యము వేరొకటి కానరాదు.

1915 ఫిబ్రవరిలో, బంగారమును వెదకుచు వచ్చిన బృందములోని పదునాలుగేండ్ల బాలుడు విల్లీ హచిసన్‌కు అచట ఓపల్ రాళ్లు దొరకినవి. పిదప, మొదటి ప్రపంచ యుద్ధమున కందకములలో బ్రదుక నేర్చిన సైనికులు వచ్చి, కలప దొరకని ఆ మరుభూమిలో గుట్టలనే తొలిచి గృహములు చేసికొనిరి. వెలుపల 45 డిగ్రీల యెండ కాయుచున్నను, లోపల 25 డిగ్రీలకు అటునిటుగానే యుండును.

చల్లదనముకంటె నన్ను ఎక్కువగా ఆకర్షించునది ఆ పనితనము. మన తాపీవాడు ఇటుకపై ఇటుక పేర్చి గదిని పుట్టించును. అచటివాడు రాతిని తీసివేసి పుట్టించును. దూలము లేకయే ఇసుకరాతి కప్పు తన్ను తాను మోసికొనవలెను గనుక, గది ఎంత వెడల్పు సాగవచ్చునో, రెండు గదుల నడుమ ఎంత రాయి విడువవలెనో ఎరిగినవాడే పనివాడు. ఎక్కువ తీసిన రాతిని మరల అతికించుట ఎవరి తరమును గాదు. పూర్వము గునపముతోను, నేడు సొరంగ యంత్రముతోను తొలిచి, ధూళి రాలకుండ గోడలకు పూత పూసి, గాలికై కప్పునుండి నేలపైదాక నిలువు గొట్టములు వేయుదురు. అలమర కావలసినచో గోడలోనే చెక్కుకొందురు. వలసవచ్చిన సెర్బులు తమ దేవాలయమును సైతము ఈ రీతిగనే తొలిచికొనిరి.

ఇల్లన్న ఇట్లుండవలెనని ముగింపబోవుచు, ఆ వ్యాసముతో వచ్చిన ఒక ఛాయాచిత్రమును పరికించితిని. ఊరి వెలుపల దిగంతముదాక మట్టికుప్పలు, వాని ప్రక్క ఓపల్‌కై త్రవ్వి మూయక విడిచిన నిలువుగుంతలు, వెనుకకు నడువరాదని హెచ్చరించు పలకలు! ఊరిలో గనిత్రవ్వకము నిషిద్ధమైనను, గదిని పెంచుకొనుచు ఓపల్ కనుగొన్నవారు కలరు. ఇల్లు తొలుచుటకును గని తొలుచుటకును అచట హద్దు అంత పలుచన. గుట్టను అంత మెలకువతో ఇల్లుగా మలచిన చేతులే మైదానమును గుంతలపాలు చేసినవి. ఆ గృహస్థులు అభాగ్యులు గారనుట ఇప్పటికిని నా దృఢాభిప్రాయమే. కాని ఇకమీదట ఏ యింటిని మెచ్చుటకు ముందైనను, గోడ మందమును గాక, దానికై తీసిన మన్ను ఎచట పోసిరో చూపుమని అడుగుదును.